స్వతంత్ర సినీ నిర్మాత వృత్తి: తరచుగా అడిగే ప్రశ్నలు

సినీరంగంలోకి రావాలనుకునేవారిలో ఎక్కువమంది దర్శకత్వం వైపో రచన వైపో చూస్తారు. నిర్మాత కావాలని మొదటినుంచీ అనుకున్నవారు తక్కువ. ఆ కొద్దిమంది కోసం, దర్శకుడికి తోడుగా నిలబడి క్రమంగా ఆ బాధ్యత నెత్తికెత్తుకున్నవారి కోసం ఈ ప్రశ్నోత్తరాలు. కాగితాలకూ లెక్కలకూ ఇక్కడ ఎక్కువ చోటు ఇచ్చాను. స్వతంత్ర సినిమా చాలాసార్లు ఆగిపోయేది అక్కడే.

నిర్మాత అంటే డబ్బు పెట్టేవారేనా?

చాలామంది అలాగే అనుకుంటారు. స్వతంత్ర సినిమాలో మాత్రం డబ్బు పెట్టేవారు ఒకరు, సినిమాను నిర్మించేవారు మరొకరు కావడమే మామూలు. పెద్ద స్టూడియో నీడ లేకుండా కథను ఎంచుకుని, దాని హక్కులు సంపాదించి, రచయితనూ దర్శకుడినీ ఒకచోట చేర్చి, పలుచోట్ల నుంచి పెట్టుబడి సమకూర్చి, చిత్రీకరణ జరిపించి, పూర్తయిన సినిమాను అమ్మి, వచ్చిన సొమ్మును ఒప్పందం ప్రకారం పంచేదాకా జవాబుదారీగా ఉండే మనిషి స్వతంత్ర నిర్మాత. ఛాయాగ్రాహకుడు షూటింగ్ ముగియగానే మరో సినిమాకు వెళ్లిపోతారు. ఎడిటర్ పని దాదాపుగా అప్పుడే ఊపందుకుంటుంది. తొలి రోజు నుంచి చివరి రోజు దాకా ఆ సినిమాతోనే ఉండేది నిర్మాత.

ఆస్కార్‌లో ఉత్తమ చిత్రం పురస్కారం అందుకునేది దర్శకుడు కాదు, నిర్మాత. తొలి రెండు దశాబ్దాల పాటు దాన్ని నిర్మాణ సంస్థ పేరు మీద ఇచ్చేవారు. 1951 నాటి చిత్రాల నుంచి నిర్మాతల సొంత పేర్లకే ఇస్తున్నారు.

ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్, లైన్ ప్రొడ్యూసర్, కో-ప్రొడ్యూసర్... ఇన్ని పేర్లు ఎందుకు?

లైన్ ప్రొడ్యూసర్ పని స్పష్టం: ఖరారైన బడ్జెట్‌లో, ఖరారైన రోజుల్లో షూటింగ్ పూర్తయ్యేలా చూడటం. ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ అనే పేరు స్వతంత్ర సినిమాల్లో ఎక్కువగా పెట్టుబడి తెచ్చినవారికి, లేదా తమ పేరుతో సినిమాకు విలువ పెంచినవారికి దక్కుతుంది. కో-ప్రొడ్యూసర్ అనేది ఒక్కో దేశంలో ఒక్కో అర్థంలో వాడతారు. టైటిల్ కార్డును బహుమానంలా పంచిపెట్టకండి. ఎవరి పేరు ఏ హోదాలో, ఏ వరసలో పడుతుందో ముందే కాగితం మీద ఉండాలి. డబ్బు దగ్గర రాని గొడవ పేరు దగ్గర వస్తుంది.

దీనికి చదువు అవసరమా?

పట్టా తప్పనిసరి కాదు. ఫిల్మ్ స్కూల్లో దొరికే పెద్ద లాభం తోటి విద్యార్థులు. మీ మొదటి దర్శకుడూ, మొదటి ఎడిటరూ అక్కడే తారసపడవచ్చు. స్కూలుకు వెళ్లలేనివారు ప్రొడక్షన్ ఆఫీసులో చిన్న ఉద్యోగంతో మొదలుపెట్టడం మంచిది. అకౌంటెంట్ పక్కన కూర్చునే అవకాశం వస్తే వదులుకోకండి. ఏ రోజు దేనికి ఎంత ఖర్చవుతుందో, ఏ బిల్లు ఎందుకు పెరుగుతుందో అక్కడ నేర్చుకున్నంతగా సెట్లో నేర్చుకోలేరు. ఒకటి రెండు లఘుచిత్రాలను పూర్తి బాధ్యతతో నిర్మించడం కూడా అవసరమే. పెట్టుబడిదారు అడిగే మొదటి ప్రశ్న మీ చదువు గురించి ఉండదు. ఇంతకుముందు ఏదైనా మొదలుపెట్టి పూర్తిచేశారా అని అడుగుతారు.

మంచి కథ దొరికింది. మొట్టమొదట ఏం చేయాలి?

హక్కులు రాయించుకోండి. నటీనటులకు కథ వినిపించకముందే, పోస్టర్ గీయించకముందే, స్నేహితులతో చర్చించకముందే.

స్థలం కొనేటప్పుడు లింకు దస్తావేజులు చూసినట్టే, సినిమా కొనేవారు దాని హక్కులు ఎవరి చేతుల్లోంచి ఎవరి చేతుల్లోకి వచ్చాయో ఒక్కో కాగితం తిరగేసి చూస్తారు. కథ నవలదైతే రచయిత నుంచి మీకు, స్క్రిప్టు రాసినవారి నుంచి మీ సంస్థకు, సంగీత దర్శకుడి నుంచి, నటీనటుల నుంచి, చివరికి గోడ మీద కనిపించే చిత్రం వేసిన చిత్రకారుడి నుంచి కూడా అనుమతి ఉండాలి. మధ్యలో ఒక్క సంతకం లేకపోతే అమ్మకం ఆగిపోతుంది. ఇద్దరు స్నేహితులు మాటమీద కలిసి స్క్రిప్టు రాసుకుని, సినిమా పూర్తయ్యాక విడిపోతే, రెండో వ్యక్తి సంతకం కోసం పూర్తయిన సినిమా పెట్టెలోనే ఉండిపోతుంది.

పుస్తకం హక్కులను ఒకేసారి కొనే స్తోమత అందరికీ ఉండదు. అందుకే ఆప్షన్ ఒప్పందం ఉంది. చిన్న మొత్తం చెల్లించి, ఏడాదికో ఏడాదిన్నరకో ఆ కథను మీకోసం ఆపి ఉంచుకుంటారు. పెట్టుబడి దొరికితే ముందే అనుకున్న ధరకు కొంటారు, దొరక్కపోతే హక్కులు రచయితకే ఉండిపోతాయి. గడువు పొడిగించుకునే షరతును మొదటి ఒప్పందంలోనే రాయించుకోండి. సినిమాకు డబ్బు సమకూరడానికి మీరు అనుకున్నదానికంటే ఎక్కువ కాలం పడుతుంది.

నిజజీవిత కథలకు మరింత జాగ్రత్త కావాలి. ఆ మనుషుల అనుమతి తీసుకోవడం చట్టపరంగా మేలు. దానికి మించి, వారి జీవితాన్ని తెరకెక్కిస్తున్నప్పుడు వారి ఎదురుగా కూర్చుని ఆ మాట చెప్పడం కనీస మర్యాద.

నా దగ్గర డబ్బు లేదు. నిర్మాత కాగలనా?

కాగలరు. స్వతంత్ర సినిమా చరిత్రలో ఎక్కువభాగం సొంత డబ్బు లేనివారిదే. సత్యజిత్ రాయ్ మొదటి సినిమా మధ్యలో ఆగిపోతే పశ్చిమ బెంగాల్ ప్రభుత్వం ఆదుకుంది, అది 1955లో విడుదలైంది. శ్యామ్ బెనెగల్ 1976 నాటి ‘మంథన్’ను గుజరాత్ పాల రైతులు తలా 2 రూపాయలు వేసుకుని నిర్మించారు. అలా వేసుకున్నవారు 5 లక్షల మంది. ఇంటర్నెట్‌లో చందాలు సేకరించే వేదికలు రావడానికి మూడు దశాబ్దాల ముందు మాట ఇది. ఆ రైతులు తమ కథ అనుకున్నారు కాబట్టి డబ్బు వేశారు. ఈనాటి చందాల సేకరణ కూడా అంతే: సినిమా తమది అనుకునే జనం ముందే ఉంటే ఫలిస్తుంది, లేకపోతే బంధువుల దగ్గరే ఆగిపోతుంది.

ఈ రోజు ఒక మధ్యస్థాయి స్వతంత్ర సినిమాకు పెట్టుబడి నాలుగైదు చోట్ల నుంచి వస్తుంది. కొంత వ్యక్తిగత పెట్టుబడి, కొంత గ్రాంటు, కొంత ముందస్తు అమ్మకం (సినిమా పూర్తికాకముందే దాని హక్కులు అమ్మడం), కొంత ప్రభుత్వాలు షూటింగ్ ఖర్చుపై తిరిగి ఇచ్చే రాయితీ. గ్రాంట్ల విషయంలో నెదర్లాండ్స్‌లోని రోటర్‌డామ్ చలనచిత్రోత్సవానికి చెందిన హ్యూబర్ట్ బాల్స్ ఫండ్ 1988 నుంచి, బెర్లిన్ ఉత్సవానికి చెందిన వరల్డ్ సినిమా ఫండ్ 2004 నుంచి ఎందరో కొత్త దర్శకుల సినిమాలకు ఊతమిచ్చాయి. రోటర్‌డామ్‌లోనే 1983లో మొదలైన సినీమార్ట్, దక్షిణ కొరియా బూసాన్‌లోని ఏషియన్ ప్రాజెక్ట్ మార్కెట్, జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ) 2007లో గోవాలో ప్రారంభించిన ఫిల్మ్ బజార్ లాంటివి ఇంకా తీయని సినిమాలకు భాగస్వాములను వెతికిపెట్టే చోట్లు. అక్కడ అరగంటకో సమావేశం చొప్పున రోజంతా ఒకే కథ చెబుతారు. రెండో రోజుకు మీ కథలో ఏ వాక్యం దగ్గర ఎదుటివారి చూపు చెదురుతోందో మీకే తెలిసిపోతుంది. పెట్టుబడి దొరకకపోయినా ఆ ఒక్క పాఠం కోసం వెళ్లవచ్చు.

రెండు దేశాల మధ్య సహనిర్మాణ ఒప్పందం ఉంటే, ఆ నిబంధనల ప్రకారం తీసిన సినిమా రెండుచోట్లా స్వదేశీ చిత్రంగా లెక్కకు వస్తుంది. అంటే రెండు దేశాల సహాయ నిధులకూ అర్హత ఉంటుంది. బదులుగా ఖర్చులో కొంత, సిబ్బందిలో కొందరు ఆ రెండో దేశం నుంచి ఉండాలి. కథకు అక్కర్లేని మనుషులను నిధి కోసం ఇరికిస్తే సినిమాలో అది కనిపిస్తుంది.

రాయితీ గురించి ఒక హెచ్చరిక. ఆ డబ్బు ముందు రాదు. మీరు ఖర్చు చేసి, లెక్కలు తనిఖీ చేయించాక, నెలల తర్వాత వస్తుంది. షూటింగ్ రోజున చేతిలో ఉండాల్సిన నగదు జాబితాలో దాన్ని రాసుకోకూడదు. దాన్ని చూపించి అప్పు తెచ్చుకోవచ్చు, ఆ వడ్డీని బడ్జెట్‌లో చేర్చాలి.

చాలా తక్కువ డబ్బుతో సినిమా తీసిన కథలు వింటుంటాం. అవి నిజమేనా?

నిజమే, కానీ సగమే చెబుతారు. అమెరికన్ దర్శకుడు రాబర్ట్ రోడ్రిగెజ్ తన మొదటి సినిమాను సుమారు 7,000 డాలర్లతో తీశారని అందరికీ తెలుసు. ఆ సినిమా థియేటర్లకు వెళ్లేముందు దాన్ని కొన్న స్టూడియో శబ్దాన్ని మళ్లీ మిక్స్ చేయించి, ప్రింటును తెరకు సరిపడేలా తయారు చేయించింది. దానికీ, ప్రచారానికీ అయిన ఖర్చు అసలు బడ్జెట్‌కు ఎన్నో రెట్లు. మీ బడ్జెట్‌లో ఆ రెండో సగం ఎవరు భరిస్తారో రాసుకోండి.

బడ్జెట్ ఎలా వేయాలి?

స్క్రిప్టును సన్నివేశాల వారీగా విడగొట్టడంతో. ప్రతి సన్నివేశానికీ ఎవరెవరు, ఎక్కడ, పగలా రాత్రా, ఏ వస్తువులు, ఎన్ని వాహనాలు అని రాసుకున్నాక షెడ్యూలు వస్తుంది, షెడ్యూలులోంచి బడ్జెట్ వస్తుంది. మనసులో ఒక అంకె పెట్టుకుని దానికి తగ్గట్టు వరసలు నింపితే షూటింగ్ మూడో రోజుకే తేలిపోతుంది.

సరిగ్గా రాసిన స్క్రిప్టులో ఒక పేజీ సుమారు ఒక నిమిషం సినిమా. చిన్న సినిమాలు రోజుకు నాలుగైదు పేజీలు లాగుతాయి. రాత్రి సన్నివేశాలు, పసిపిల్లలు, జంతువులు, నీళ్లు, జనసమూహాలు ఉన్నచోట ఆ లెక్క సాగదు. ‘వర్షంలో ఊరేగింపు వెళ్తోంది’ అని రచయిత ఒక్క వాక్యం రాస్తారు. అది రెండు రాత్రుల పని కావచ్చు.

మొత్తంలో 10 శాతం అనుకోని ఖర్చులకు పక్కన పెట్టడం ఆనవాయితీ. సినిమా పూర్తవుతుందని హామీ ఇచ్చే బాండు సంస్థలు కూడా సాధారణంగా ఆ మొత్తాన్ని అడుగుతాయి. బడ్జెట్ సరిపోనప్పుడు అందరూ మొదట కోసేది ఈ పద్దునే. నా అభిప్రాయంలో దానికంటే ఒక సన్నివేశం కోసేయడం నయం.

షూటింగ్ రోజుల్లో నిర్మాత ఏం చేస్తారు?

అంతా సజావుగా ఉంటే, కెమెరా వెనుక కాస్త దూరంగా నిలబడి రేపటి గురించి ఆలోచిస్తారు. ఈరోజు సమస్యలు పరిష్కరించడానికి లైన్ ప్రొడ్యూసరు, సహాయ దర్శకులు ఉన్నారు. రేపటి లొకేషన్ అనుమతి వచ్చిందా, వాన పడితే ఇంటి లోపల తీయగలిగే సన్నివేశం సిద్ధంగా ఉందా, ప్రధాన నటి కాల్‌షీట్లు ఇంకెన్ని మిగిలాయి అన్నవి నిర్మాత చూసుకోవాలి.

రాత్రి చేతికి వచ్చే రోజువారీ నివేదికను నిద్రపోయేముందు తప్పక చదవాలి. పొద్దున్న ఏడుకు రమ్మంటే మొదటి షాట్ తొమ్మిదిన్నరకు పడింది. భోజన విరామం నలభై నిమిషాలు ఆలస్యం. అనుకున్నవి ఐదు సన్నివేశాలు, పూర్తయినవి మూడున్నర. లైటింగ్ సిబ్బందికి రెండు గంటల అదనపు వేతనం. ఇలాంటి నివేదిక ఒకరోజు వస్తే ఫరవాలేదు. వరసగా మూడు రోజులు మొదటి షాట్ తొమ్మిదిన్నరకే పడుతుంటే దాని వెనుక కారణం ఉంటుంది. మేకప్ గదిలో ఒక్కరే ఉన్నారేమో, బస దూరమైందేమో, దర్శకుడూ ఛాయాగ్రాహకుడూ షాట్లు ముందురోజు మాట్లాడుకోవడం లేదేమో. మరో మనిషిని తీసుకుంటే తీరే సమస్యను గుర్తించక రోజుకు రెండున్నర గంటలు పోగొట్టుకునే సినిమాలు ఉన్నాయి.

భద్రత విషయంలో మాత్రం నిర్మాతదే ఆఖరి మాట. పన్నెండు, పదమూడు గంటలు పనిచేసిన డ్రైవరుతో అర్ధరాత్రి వ్యాను నడిపించకూడదు. ఆ షాట్ రాకపోయినా సరే.

దర్శకుడితో అభిప్రాయభేదం వస్తే?

వస్తుంది. షూటింగ్ ముందే మీరిద్దరూ ఒకే సినిమా గురించి మాట్లాడుకుంటున్నారా లేదా అని తేల్చుకుని ఉంటే చాలా గొడవలు చిన్నవైపోతాయి. ఆఖరి కూర్పు మీద హక్కు ఎవరిదో ఒప్పందంలో రాయండి. ఆ హక్కు మీకు ఉన్నా దాన్ని వాడే పరిస్థితి రాకుండా చూసుకోండి. దర్శకుడికి ‘వద్దు’ అని చెప్పాల్సి వస్తే యూనిట్ ముందు చెప్పవద్దు. కారణం డబ్బయితే డబ్బనే చెప్పండి. డబ్బు లేనప్పుడు ‘ఈ సన్నివేశం కథకు అవసరం లేదు’ అని సాకు చెబితే నమ్మకం పోతుంది. దర్శకుడు తెలివైనవారైతే, ఎంత ఉందో తెలిశాక మీకంటే మంచి పరిష్కారం వారే కనిపెడతారు.

డబ్బు లేదు కాబట్టి అందరినీ ఉచితంగా పనిచేయమనవచ్చా?

అడగవద్దు. స్నేహితులు తీసే లఘుచిత్రం వేరు. అమ్మాలనుకుంటున్న పూర్తి నిడివి సినిమాకు పనిచేసేవారికి, ఎంత తక్కువైనా, చెప్పిన రోజున చెప్పినంత ఇవ్వాలి. ‘లాభాలు వచ్చాక ఇస్తాం’ అనే వాయిదా పారితోషికం హక్కుల్లోనూ లాభాల్లోనూ వాటా ఉన్నవారికి, అంటే నిర్మాతకూ దర్శకుడికీ ప్రధాన నటులకూ సరిపోతుంది. నెల జీతంతో ఇల్లు నడిపే లైట్‌మన్‌కు అది అన్యాయం. ఎక్కువ మందికి ఇవ్వలేకపోతే తక్కువ మందితో తీయగలిగే కథ ఎంచుకోండి.

చలనచిత్రోత్సవాలకు ఎలా పంపాలి?

మొదటి ప్రదర్శన ఒక్కసారే అమ్ముకోగలిగిన వస్తువు. పెద్ద ఉత్సవాలు చాలావరకు ప్రపంచంలో ఇంకెక్కడా ప్రదర్శించని సినిమానే పోటీలోకి కోరతాయి. తొందరపడి ఒక చిన్న ఉత్సవంలో వేసినా, ఇంటర్నెట్‌లో పెట్టినా ఆ అర్హత పోతుంది. కాబట్టి ఐదారు పేర్లు ప్రాధాన్య క్రమంలో రాసుకుని, వాటి గడువుల ప్రకారం నడవండి.

గడువు అందుకోవాలనే ఆత్రంతో సగం ఎడిటింగ్ పంపేవారు ఎందరో. ఎంపిక బృందం ముందు వేల సినిమాలుంటాయి. ఒకసారి కాదన్నదాన్ని మళ్లీ తెరవడం అరుదు. ఏడాది ఆగడం కష్టమే, కానీ కథనం కుదరని సినిమాను పంపడంకంటే మేలు.

సంగీతం అనుమతులను కూడా ముందే చూసుకోండి. ఒక పాత పాట వాడాలంటే రెండు అనుమతులు కావాలి: పాట స్వరసాహిత్యాలకు ఒకటి, ఆ రికార్డింగ్‌కు మరొకటి. ఉత్సవాల వరకే చవకగా అనుమతి తీసుకుని, తర్వాత సినిమా అమ్ముడుపోయే వేళ పూర్తి హక్కుల ధర విని కంగుతినేవారు ఉన్నారు. ఆ ధరను షూటింగ్‌కు ముందే ఒప్పందంలో కట్టేయండి.

సేల్స్ ఏజెంటు ఒప్పందంలో ఏం చూడాలి?

మీ సినిమా హక్కులను మీ తరఫున వివిధ దేశాల పంపిణీదారులకు అమ్మిపెట్టేవారే సేల్స్ ఏజెంటు. కమీషన్ శాతం అందరూ చూస్తారు. సాధారణంగా అది 10 నుంచి 25 శాతం మధ్య ఉంటుంది. అంతకంటే ముఖ్యమైనది ఖర్చుల పరిమితి. పోస్టర్లు, మార్కెట్లకు ప్రయాణాలు, ప్రకటనల పేరుతో ఏజెంటు మినహాయించుకునే మొత్తానికి ఒక హద్దు లేకపోతే అమ్మకాలు బాగున్నా మీకు ఏమీ మిగలదు. ఒప్పందం ఎన్నేళ్లు, ఆ సంస్థ మూతపడితే హక్కులు వెంటనే మీకు తిరిగి వస్తాయా, లెక్కల పుస్తకాలు తనిఖీ చేసే హక్కు మీకు ఉందా అన్నవీ చూడండి. ఒక ప్రాంతంలో నష్టాన్ని మరో ప్రాంతం రాబడితో సర్దుకునే షరతు కనిపిస్తే కొట్టివేయించండి. సినీ ఒప్పందాలు తెలిసిన న్యాయవాదికి ఇచ్చే ఫీజు వృథా ఖర్చు కాదు.

వచ్చిన డబ్బు నిర్మాత దాకా ఎప్పుడు చేరుతుంది?

అన్నింటికంటే ఆలస్యంగా. ఒక లెక్క వేసి చూద్దాం. టిక్కెట్ల మీద 100 వచ్చిందనుకోండి. థియేటరు సుమారు సగం ఉంచుకుంటుంది. మిగిలిన 50లో పంపిణీదారు 30 శాతం, అంటే 15 తీసుకుంటారు. చేతిలో 35. అందులోంచి ప్రచారానికీ ప్రింట్లకూ తాను ఖర్చు చేసిన 20 మినహాయించుకుంటారు. 15 మిగిలింది. సేల్స్ ఏజెంటు కమీషన్ 3, ఖర్చులు 2. నిర్మాణ సంస్థ వైపు వచ్చేది 10. అది కూడా మీ జేబులోకి రాదు. ముందు అప్పులు తీరాలి. తర్వాత పెట్టుబడిదారుల అసలు, దానిపైన ఒప్పుకున్న అదనపు శాతం. ఆపైన వాయిదా పారితోషికాలు. ఇవన్నీ తీరాక మిగిలేదే లాభం, దాన్నే పెట్టుబడిదారులూ నిర్మాత వర్గమూ పంచుకుంటారు. అంకెలు ఒప్పందాన్ని బట్టి మారతాయి, వరస మాత్రం దాదాపు ఇంతే.

అందుకే పెట్టుబడి అడిగేటప్పుడు ఈ వరసను ఎదుటివారి ముందు పెట్టండి. ‘సినిమా కోటి వసూలు చేస్తే మీ డబ్బు వచ్చేసినట్టే’ అనడం అబద్ధం చెప్పడమే. రాబడిని మీ ఖాతాలోకి కాకుండా అందరి వాటాలూ పంచే బాధ్యత తీసుకునే తటస్థ సంస్థ ఖాతాలోకి పంపే ఏర్పాటు అంతర్జాతీయ ఒప్పందాల్లో మామూలు. మీ మీద ఎవరికీ అనుమానం రాకుండా ఉండటానికి అది మీకే మంచిది.

మరి నిర్మాత ఎలా బతకాలి?

నిర్మాత పారితోషికం బడ్జెట్‌లో ఒక పద్దు. దాన్ని సిగ్గుపడకుండా రాసుకోవాలి. కొంత తయారీ దశలో, ఎక్కువభాగం షూటింగ్ వారాల్లో, మిగిలింది సినిమా అప్పగించాక చెల్లించేలా విభజిస్తారు. ఇబ్బంది ఎక్కడంటే, కథ వెతికే కాలానికీ పెట్టుబడి కోసం తిరిగే కాలానికీ ఎవరూ డబ్బు ఇవ్వరు. అది రెండేళ్లు కావచ్చు, ఐదేళ్లు కావచ్చు. అందుకే ఈ వృత్తిలో నిలదొక్కుకున్నవారిలో చాలామంది ఇతరుల సినిమాలకు లైన్ ప్రొడ్యూసర్లుగా చేస్తారు, ప్రకటన చిత్రాలు తీస్తారు, పాఠాలు చెబుతారు. ఒక్క సినిమా మీదే ఆశపెట్టుకోకుండా వేర్వేరు దశల్లో మూడు నాలుగు ప్రాజెక్టులు నడుపుతారు. ఇల్లు తాకట్టు పెట్టి సినిమా తీయమని మాత్రం ఎవరికీ చెప్పను. అలా తీసి గెలిచినవారి పేర్లే మనకు వినిపిస్తాయి.

సినిమా ఆడకపోతే పెట్టుబడిదారులకు ఏం చెప్పాలి?

ఉన్నది ఉన్నట్టు, వారు అడగకముందే. రాబడి లేకపోయినా మూడు నెలలకో ఆరు నెలలకో ఒక పేజీ నివేదిక పంపండి: ఎక్కడ ప్రదర్శించారు, ఎవరు తిరస్కరించారు, ఎంత వచ్చింది. నష్టపోయిన పెట్టుబడిదారు మళ్లీ అదే నిర్మాతకు డబ్బు ఇచ్చిన సందర్భాలు ఈ రంగంలో ఉన్నాయి. ఫోను ఎత్తని నిర్మాతకు లాభం వచ్చినా రెండోసారి ఎవరూ ఇవ్వరు.

విడుదలతో పని అయిపోయినట్టేనా?

ఇంకా చాలా ఉంది. కొన్నవారికి సినిమాను అప్పగించడమే పెద్ద పని. ప్రదర్శన ప్రతి, మాటల్లేకుండా సంగీతమూ శబ్దాలూ మాత్రమే ఉన్న ట్రాకు, సంభాషణల జాబితా, ఉపశీర్షికలు, స్టిల్స్, సంగీత వివరాల పట్టిక, హక్కుల పత్రాలు, న్యాయపరమైన క్లెయిముల నుంచి కాపాడే బీమా. మాటల్లేని ట్రాకు చేయించకపోతే ఇతర భాషల్లోకి డబ్బింగ్ చేయడం కుదరదు. సౌండ్ స్టూడియోలో అన్ని ట్రాకులూ తెరిచి ఉన్నప్పుడే అది చేయించుకోండి, ఆరు నెలల తర్వాత అదే పనికి ఎన్నో రెట్లు ఖర్చు.

అసలు ప్రతులను కనీసం రెండు వేర్వేరు చోట్ల దాచండి. హార్డ్ డిస్కులు అల్మారాలో ఉన్నా పాడవుతాయి, ఏడాదికోసారి తెరిచి చూడాలి, కొన్నేళ్లకోసారి కొత్తవాటిలోకి మార్చాలి. ఏ దేశంలో ఏ ఒప్పందం ఏ తేదీన ముగుస్తుందో ఒక పట్టిక పెట్టుకోండి. పదేళ్లకో పదిహేనేళ్లకో హక్కులు తిరిగి మీ చేతికి వచ్చే రోజు ఆ పట్టికలోనే ఉంటుంది. ఆ రోజున మళ్లీ అమ్మాలంటే కాగితాలూ ప్రతులూ సిద్ధంగా ఉండాలి.